పురుగు తిన్న అక్షరం

పాత పుస్తకంలో బొమ్మలు వేసేవాణ్ణి మేం చిత్రకారుడనం,
త్సాఘ్కోఘ్ అంటాం. పూయించేవాడు.
రాత పూర్తయ్యాక లేఖకుడు తన గోడు చెప్పుకునే చివరి పుటని
హిషతకరాన్ అంటాం. జ్ఞాపకాల తావు.
ఆ ఎరుపు పేరు వోర్దాన్ కర్మిర్,
పురుగెరుపు.
అరారత్ కింది ఉప్పునేలల్లో, గడ్డివేళ్ళని పట్టుకుని బతికే పురుగుని
ఏరి, ఎండబెట్టి, నూరి
దేవదూతల అంగీలకి అద్దేవాళ్ళు.

ఇలాంటివి చీటీల మీద ఎక్కించడం నా కొలువు.
యెరెవాన్‌లో, కిటికీ సరిగ్గా పడని గదిలో,
ముప్ఫై ఒక్క ఏళ్ళు, మాటకొక చీటీ.
ఎవరూ పలకని మాటలకి
నేను హాజరు వేసేదాన్ని.

ఒక ఫిబ్రవరిలో వాయోత్స్ ద్జోర్ కొండల నుంచి
సహాక్ అని, తేనెటీగలు పెంచే అతను వచ్చాడు.
ఆప్రికాట్లు ఎండబెట్టే గుడ్డలో చుట్టి
ఒకే ఒక్క తోలుపుట తెచ్చాడు.
"జ్వరమొస్తే మా నాయనమ్మ దీన్ని తలకింద పెట్టేది."
"తగ్గేదా?"
"నేనున్నాగా."

పుట మీద హొవసాప్ అనే లేఖకుడు:

మంచు తలుపుకి అడ్డం పడింది. సిరా గడ్డకట్టింది.
వేళ్ళు నా మాట వినడం లేదు, తప్పులుంటే తిట్టకండి.
సిరాబుడ్డిని ఫలానా దాంట్లో పెట్టి కరిగించుకుంటున్నాను.
చోటిచ్చిన తల్లి ఫలానా ఆమెని కూడా తలుచుకోండి.

ఫలానాలు నావి. అక్కడున్నవి కంతలు.
మొదటి కంతలో పురుగు ఒక మాట నడిమి అక్షరాన్ని తింది.
రెండో కంతలో పేరు మొత్తాన్నీ.

నిఘంటువులు తిరగేశాను.
మా ముప్ఫై ఆరు పాత అక్షరాల్నీ ఒక్కొక్కటే
ఆ కంతలో పెట్టి పలికి చూశాను,
ఊడిన పంటి సందులో నాలుక ఆడించినట్టు.
ఏదీ అర్థమై కూర్చోలేదు.

పందొమ్మిదో అక్షరమో ఇరవయ్యోదో పలుకుతుంటే
మెట్లు తుడుస్తున్న తిగ్రానుహి తలెత్తింది.
"ఆ మాట నీకెవరు చెప్పారు? మా అమ్మ అనేది."

ఆఖరి లవాష్ రొట్టె తీసేశాక,
నిప్పు బూడిదయ్యాక,
తోనీర్ పొయ్యి గోడలో ఇంకా మిగిలుంటుందే, అది.
అందులో శనగలు వేస్తే వేగవు, మెత్తబడతాయి.
పిల్లి వచ్చి అంచున పడుకుంటుంది.
ముసలాళ్ళు కాళ్ళు వేలాడేసి, మీద దుప్పటి కప్పుకుని
చచ్చినవాళ్ళ గురించి మాట్లాడుకుంటారు.
"నిప్పు కాదమ్మా. నిప్పు తర్వాతది."

మా పెద్దాయన అర్షవీర్ కళ్ళద్దాలు తీశాడు.
"నేల తుడిచే మనిషి నోటిమాట ఆధారమా?
గ్రంథంలో చూపించు."
"గ్రంథం తిన్న పురుగుని అడగండి," అన్నాను.
నా ఉద్యోగంలో నేను ఎదురు చెప్పింది అదొక్కసారే.
తర్వాత వారం రోజులు భయపడ్డాను కూడా.

చీటీ పెన్సిల్‌తోనే రాశాను, చెరపమంటే చెరపడానికి.
అర్థం. పుట సంఖ్య.
ఆధారం: తిగ్రానుహి, మూడో అంతస్తు మెట్లు.
ఎవరూ చెరపమనలేదు. ఎవరూ చూడలేదేమో.
ఆ మాట ఇక్కడ మాత్రం రాయను.
కావాలంటే రండి, సొరుగు తీసి చూపిస్తాను.
కోటు తెచ్చుకోండి.

కానీ ఆ రెండో కంత.
అక్షరం పోతే పక్క అక్షరాలు సాక్ష్యం చెబుతాయి.
పేరు పోతే ఎవరు చెబుతారు?
హొవసాప్ మనల్ని అడిగింది ఒక్కటే, తలుచుకోమని.
రొట్టెలు కాల్చుకున్నాక పొయ్యి మీద మూత వేసుకోక
వణికే మనిషికి సిరాబుడ్డంత చోటిచ్చిన ఆమెని.
ఏటా మొదటి మంచు పడ్డ రోజు ఆ పుట పైకి చదువుతాను.
కంత దగ్గరకొచ్చి ఆగుతాను.
కొంచెం ఊపిరి వదిలి, తర్వాతి మాట అందుకుంటాను.

సాయంత్రం ఐదింటికి మా గదిలో రేడియేటర్ కట్టేస్తారు.
దాని మీద అరచేతులు ఆనించి ఇంకాసేపు కూర్చుంటాను.
"దీన్ని కూడా ఆ మాటతో పిలవొచ్చా?"
అని ఒకరోజు తిగ్రానుహిని అడిగాను.
"ఇనుముకా?" అని నవ్వి, గుడ్డ పిండి, బకెట్ ఎత్తుకుంది.
"మట్టికే."